వియ్యపురాలి యాస

పుంగ్గోల్, సింగపూర్
12 అక్టోబరు 2024

ప్రణవీ, నా బంగారుతల్లీ,

ఫోనులో నువ్వు "ఓకే లా" అని సింగపూర్ ఇంగ్లీషు యాసలో అనేసి పెట్టేశాక నాకు చాలాసేపు ఒళ్ళు మండింది. అందుకే రాస్తున్నాను. కొరియాలో ఆ బుసాన్ రేవు ఉద్యోగానికి వెళ్ళేటప్పుడు ఎయిర్‌పోర్టులో మాటిచ్చావు, నెలకో ఉత్తరమైనా తెలుగులో రాస్తానని. కాయితం మీద రాసి ఫొటో తీసి పంపినా సరే, టైపు కొట్టినా సరే. అమ్మా నాన్నా ఆ యాక్సిడెంటులో పోయి నా దగ్గరికి వచ్చేనాటికి నీకు నాలుగేళ్ళు. యీషున్ ఫ్లాటులో కింద పిల్లలతో ఇంగ్లీషు, పైన నాతో తెలుగు అని గీత గీసి పెంచాను. ఇప్పుడా తెలుగుని తీసుకెళ్ళి ఆ ఓడరేవులో పారేస్తానంటే ఊరుకోను.

ఇంతకీ కబురేమిటంటే, నేనూ కొరియన్ నేర్చుకుంటున్నాను. నవ్వకు. మా కమ్యూనిటీ క్లబ్బులో శనివారం శనివారం క్లాసు. టీచరు మిస్ యూన్ అని సియోల్ అమ్మాయి, మాట ముత్యాల్లా ఉంటుంది. పక్క బ్లాకు కనీజ్ ఫాతిమాని కూడా లాక్కెళ్ళాను. ఆవిడ సీరియల్స్ కోసం, నేను వియ్యపురాలి కోసం. నువ్వు చేసుకుంటానంటున్న ఆ సొంగ్‌మిన్ నాకు నచ్చాడు, కంచంలో మెతుకు మిగల్చకుండా తిన్నాడు. కానీ వాళ్ళమ్మగారితో మాట్లాడాలంటే ప్రతిదానికీ నువ్వు తర్జుమా చేయాలంటే అదేం వియ్యం?

నీకు చెప్పలేదు గానీ మొన్న ఆవిడకి నేనే ఫోన్ చేశాను. పాఠంలో ఉన్నట్టు "మన్నసొ పంగప్సుమ్నిదా" అన్నాను, మిమ్మల్ని కలుసుకోవడం సంతోషమని. ఆవిడ "ఒదెయే" అంది. మా పుస్తకంలో "ఒదియేయొ" అంటే ఎక్కడ అని. ఎక్కడినుంచి మాట్లాడుతున్నానో అడుగుతోంది కాబోలనుకుని "పుంగ్గోల్" అన్నాను. మళ్ళీ "ఒదెయే, ఒదెయే" అంది. "పుంగ్గోల్, సింగపూర్" అని గట్టిగా చెప్పాను. అంతే, అటునుంచి ఒకటే నవ్వు. పెద్దదాన్ని పట్టుకుని అలా నవ్వడం ఏం మర్యాద? మెల్లగా కనుక్కో. నేను అడగమన్నానని చెప్పకు.

నీ దుంపతెగ, ఆ చలిలో తడిజుట్టుతో ఆఫీసుకి వెళ్ళకు.

నీ భ్రమరాంబత్త


బుసాన్
21 అక్టోబరు 2024

అత్తా,

టైపు కొడుతున్నాను, ఒత్తులు తప్పితే మన్నించు. నీ ఫోను సంగతి నాకా సాయంత్రమే తెలిసింది. సొంగ్‌మిన్ వాళ్ళమ్మ వీధి వీధంతా చెప్పుకుంది. ఆవిడ నిన్ను ఎక్కడున్నావని అడగలేదు. ఇక్కడి యాసలో "ఒదెయే" అంటే "అబ్బే, అదేం లేదండీ" అని. నువ్వు సంతోషమన్నావు. ఆవిడ "అబ్బే, సంతోషం మాదండీ" అనబోయింది. నువ్వు పుంగ్గోల్ అని అరిచావు. ఇప్పుడు బజారులో ఆవిడ స్నేహితురాళ్ళంతా ఒకళ్ళనొకళ్ళు "పుంగ్గోల్" అని పలకరించుకుంటున్నారు. వెక్కిరింపు కాదు, నిజంగా నువ్వంటే ముచ్చటపడ్డారు.

మిస్ యూన్ నేర్పేది సియోల్ మాట, టీవీ వార్తల మాట. నేను దిగిన కొత్తలో నాకూ అదే వచ్చు, ఇక్కడ ఏమీ అర్థమయ్యేది కాదు. "మల్" అనే మాట ఉంది చూడు. గొంతు పైకెత్తి అంటే గుర్రం, దించి అంటే మాట. సియోల్‌వాళ్ళకి రెండూ ఒకటే, బుసాన్‌వాళ్ళ చెవికి వేరు వేరు. వాక్యం చివర మర్యాదకి "యే" అని తగిలిస్తారు, అచ్చం మీ అమలాపురంవాళ్ళ "అండి"లాగా. సొంగ్‌మిన్ అమ్మమ్మది జెజు దీవి. ఆవిడ మాట వాళ్ళ అమ్మకే సగం అర్థమవుతుంది, వాడికి అసలు కాదు. మా ఆఫీసులో చైనా ఉత్తరాన యాన్‌బియన్ నుంచి వచ్చినమ్మాయి ఉంది. తాతల కాలం నుంచీ అక్కడే, అయినా ఇంట్లో కొరియనే. పోయిన నెల ఓ ఓడ మీద ఉజ్బెకిస్తాన్ ఇంజనీరు వచ్చాడు. మొహం కొరియన్, మాట రష్యన్. వాళ్ళ నానమ్మ మాట్లాడిన కొరియన్ ముక్కలు రెండు మూడు చెబితే, పోర్టులో ముసలివాళ్ళు కళ్ళనీళ్ళు పెట్టుకున్నారు. ఎప్పుడో రష్యా సర్కారు వాళ్ళని రైళ్ళెక్కించి అంత దూరం పంపేశారట. భాష కూడా ఫ్లాటులు మారుతుందన్నమాట.

ఇక అసలు విషయం. పెళ్ళి ఏప్రిల్ 12న. ఇక్కడి పెళ్ళిలో అన్నిటికంటే ముందు జరిగేది ఒకటుంది. పెళ్ళికొడుకు అమ్మ, పెళ్ళికూతురు అమ్మ ఇద్దరూ చెయ్యీ చెయ్యీ పట్టుకుని అందరి ముందూ నడిచివచ్చి రెండు కొవ్వొత్తులు వెలిగిస్తారు. ఆవిడది నీలం, మనది ఎరుపు. అవి వెలిగాకే మిగతా పెళ్ళి. మన కొవ్వొత్తి నువ్వు వెలిగించాలి. అడగక్కర్లేదని తెలుసు, అయినా అడుగుతున్నాను.

ప్రణవి


పుంగ్గోల్
2 నవంబరు 2024

తల్లీ,

పుంగ్గోల్ అని పలకరించుకుంటున్నారా? సరేలే, ఊరికి పేరు వచ్చింది.

నీ ఉత్తరం కనీజ్‌కి చదివి వినిపించాను. ఆవిడ తెగ సంబరపడిపోయింది. "మా హైదరాబాదీ 'నక్కో' విని లక్నోవాళ్ళు నవ్వలేదా? బుసాన్‌వాళ్ళు మా చుట్టాలేలే" అంది. మిస్ యూన్‌ని అడిగితే మాత్రం ఆ యాస మనం నేర్చుకోనక్కర్లేదని మూతి ముడిచింది. కాకినాడలో నేను చదువుకున్నప్పుడు నా "ఆయ్" విని మా లెక్చరరు ముడిచినట్టే.

కొవ్వొత్తుల మాట రాశావు. మంచి పద్ధతే. నేను తప్పకుండా వస్తాను, పెళ్ళి చూస్తాను, అక్షింతలు వేస్తాను. కానీ దానికి మీ కమలాదేవి పిన్నిని పిలు. మీ అమ్మకి స్వయానా పెదనాన్న కూతురు, ఇక్కడి యూ టీ పేట నుంచి ఎన్నిసార్లు వచ్చి నిన్ను ఎత్తుకుందో నీకు గుర్తుండదు. ఆవిడ పుణ్యస్త్రీ. ఆవిడ చేతిమీదుగా అయితే నిండుగా ఉంటుంది. కృష్ణమూర్తి బాబాయికి కూడా కొరియా చూడాలని ఎప్పటినుంచో ఉంది. నాకా మోకాలు నొప్పి, అందరి ముందూ నడవడం, అదంతా ఎందుకు. నేను వెనకాల ఉండి వచ్చినవాళ్ళని చూసుకుంటాను. ఎవరో ఒకరు చూసుకోవాలి కదా.

ఇక్కడ ఒకటే వాన. బాల్కనీలో కరివేపాకు మొక్క బాగా ఎదిగింది. కొరియాకి మొక్కలు రానిస్తారో లేదో కనుక్కో.

నీ అత్త


బుసాన్
26 నవంబరు 2024

అత్తా,

నీ ఉత్తరానికి వెంటనే జవాబు రాయలేకపోయాను. రాస్తే కోపంగా వస్తుందని ఆగాను. ఇప్పుడూ కోపంగానే ఉంది.

కమలాదేవి పిన్ని పుణ్యస్త్రీ ఏమిటి? గుడిలో భోజనాల దగ్గర చేతిగుడ్డ వేసి ఆరు కుర్చీలు తనవేనని చోప్ చేసే మనిషి పుణ్యం చేసిందా? నువ్వు చేసిన పుణ్యంలో పావు వంతు ఆవిడ చేసిందా? నాకు జ్వరమొస్తే కూర్చున్నది నువ్వు. స్కూల్లో అమ్మ సంతకం గడిలో సంతకం పెట్టింది నువ్వు. పెళ్ళిలో మాత్రం పిన్నినా? సొంగ్‌మిన్ నీకు నచ్చలేదని సూటిగా చెప్పు. మెతుకు మిగల్చకుండా తిన్నాడని రాస్తే నచ్చాడనుకుని సంబరపడ్డాను. మోకాలు నొప్పి అంటున్నావు, మొన్న కూడా పుంగ్గోల్ నీళ్ళ గట్టున పొద్దున్నే నడిచి వచ్చానని నువ్వే కదా చెప్పావు.

వాళ్ళమ్మ మంచి మనిషి. పేరు ఓక్‌సున్. చేపల బజారులో దుకాణం నడుపుతుంది. నోరు పెద్దది, మనసు ఇంకా పెద్దది. పోయిన ఆదివారం చలికాలానికి కిమ్చీ పెట్టుకున్నారు. ఇక్కడదో పండగ, మన ఆవకాయ రోజుల్లాగే. ఇంటికి కాబోయే కోడలినని నన్నూ కూర్చోబెట్టారు. సొంగ్‌మిన్ తీసిన వీడియో పంపుతున్నాను. ఆవిడ నా నోట్లో కిమ్చీ కుక్కుతోంది చూడు. చూసి చెప్పు, ఆవిడ పక్కన నడవడానికి నీకేం అభ్యంతరమో.

ప్రణవి


పుంగ్గోల్
3 డిసెంబరు 2024

ప్రణవీ,

వీడియో చూశాను. ఒకసారి కాదు, ఆ ముక్క మళ్ళీ మళ్ళీ పెట్టుకుని విన్నాను. నీ నోట్లో కారం కుక్కుతూ ఆవిడ నిన్ను ఏమంటోంది? "ముండీ" అంటోంది. స్పష్టంగా వినబడింది. "మున్ది గాసినా" అని, నవ్వుతూ. నా చెవులు నన్నే మోసం చేస్తున్నాయేమో, పరాయి భాష కదా, వాళ్ళ మాట వేరై ఉంటుంది అని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను. శనివారం క్లాసులో మిస్ యూన్‌కి వినిపించాను. ఆ పిల్ల మొహం ఎర్రబడిపోయింది. చెప్పనంటే చెప్పనంది. కనీజ్ బతిమాలితే చెప్పింది. మున్ది అంటే కుష్ఠురోగి అట. గాసినా అంటే పిల్ల అట, అదీ మర్యాదైన మాట కాదట. తెలుగులో కంటే కొరియన్‌లో ఇంకా దారుణంగా ఉంది.

నా పిల్లని కుష్ఠురోగిదానా అంటే నువ్వు నోరు తెరిచి తింటున్నావు. ఇంకా ఆవిడ మనసు పెద్దదని నాకు రాస్తావు. పెళ్ళికి ముందే ఇలా అంటే తరవాత ఏమంటుంది? నేను ఏ మాటైనా పడతాను, నిన్ను అంటే పడను. అందులోనూ ఆ మాట, అది ఏ భాషలో అయితే నాకేం, ఎవరు ఎవర్ని అన్నా నేను వినలేను.

సొంగ్‌మిన్ నచ్చలేదని ఎప్పుడన్నాను? వాడి తల్లి నచ్చలేదు. ఆవిడ చెయ్యి నేను పట్టుకోను. ఆ కొవ్వొత్తి ఎవరి చేత వెలిగించుకుంటావో నీ ఇష్టం.

వేళకి తిను.

భ్రమరాంబ


బుసాన్
10 డిసెంబరు 2024

అత్తా,

"నీ" అని లేకుండా ఉత్తరం కింద సంతకం పెట్టడం ఇదే మొదటిసారి. చూసి ఏడ్చాను. తరవాత నవ్వొచ్చింది. ఎందుకో చెబుతాను.

మిస్ యూన్ అబద్ధం చెప్పలేదు. నిఘంటువులో అర్థం అదే. కానీ ఈ పక్క వాళ్ళు ఆ మాట శత్రువులని అనరు. చిన్నప్పటి స్నేహితురాలు చాలా ఏళ్ళకి కనబడితే వీపు మీద ఒక్కటి చరిచి "మున్ది గాసినా" అంటారు. మొదట్లో ఆవిడ నన్ను ఎంతో మర్యాదగా "ప్రణవి గారూ" అనేది. ఈ మాట అన్నది ఆరోజే మొదటిసారి. ఆ రాత్రి సొంగ్‌మిన్ నాకు కంగ్రాట్స్ చెప్పాడు, ఇంటిమనిషివి అయిపోయావని.

దీన్ని ఆవిడకి చెప్పి నవ్వుదామనుకున్నాను. మా అత్త కూడా నన్ను అలాగే ముద్దుగా తిడుతుంది అని "నీ దుంపతెగ"ని కొరియన్‌లోకి మార్చి చెప్పాను. వేరు తెగిపోవాలి అని. ఆవిడ తింటున్న స్పూను కింద పెట్టేసింది. ఇక్కడ వేరు తెగడమంటే వంశం తెగడం. పెళ్ళి కావలసిన పిల్లని వంశం తెగిపోవాలని శపించే మేనత్తా అని ఆవిడ బెంబేలెత్తిపోయింది. నాకు జాలిగా ఇంకో ముద్ద పెట్టింది. నీ గురించి ఇప్పుడు బజారంతా ఏమనుకుంటోందో నేను రాయను. ఇద్దరూ నన్ను ఒకరినుంచి ఒకరు కాపాడుతున్నారు. మధ్యలో నేనేం చేయాలి లా?

ఇక రెండోది. కమలాదేవి పిన్నికి ఫోన్ చేశాను, పుణ్యస్త్రీ అంటే ఏమిటని. పుణ్యం చేసిన మనిషి అనుకుంటున్నానంటే ఆవిడ ముందు టీవీ గొంతు తగ్గించింది. తరవాత చెప్పింది. భర్త ఉన్న ఆడది అని.

అత్తా, మా క్లాసు పృథ్వీ వాళ్ళ అక్క పెళ్ళిలో నువ్వు హాలు చివర అందరి బ్యాగులూ పెట్టుకుని కూర్చున్నావు. పక్కింటి అరుంధతి ఆంటీ గృహప్రవేశంలోనూ అంతే. చిన్నప్పటినుంచి ఎన్ని ఫంక్షన్లకి వెళ్ళామో అన్నింట్లోనూ అంతే. నీకు బ్యాగులు కాపలా కాయడం ఇష్టమనుకున్నాను. నిజంగా అలాగే అనుకున్నాను.

ఆవిడ మాట వల్లే రానంటున్నావా, ఇంకేమైనా ఉందా? కోపంగా అడగడంలేదు.

నీ ప్రణవి


పుంగ్గోల్
5 జనవరి 2025

నా ప్రణవీ,

ఇన్నాళ్ళూ ఈ ఉత్తరం రాస్తూ చింపుతూ ఉన్నాను. ఇంక చెప్పేస్తాను.

మీ మామయ్య పోయినప్పుడు నాకు ఇరవై ఎనిమిది. అమలాపురంలో మా అత్తవారి వీధిలో పెళ్ళి జరుగుతుంటే చూడ్డానికి గుమ్మంలోకి వచ్చాను. ఒక పెద్దావిడ "ఆ ముండని ఎదురు రానీకండే, పెళ్ళికొడుకు బయల్దేరుతున్నాడు" అంది. ఆవిడ చెడ్డది కాదు. అంతకు ముందు రోజే నాకు సున్నుండలు పెట్టింది. అందుకే నాకు ఆ మాట అంత లోతుగా దిగింది. ముద్దుగా వెర్రిముండ అని మా అమ్మ అనేది, అదీ అప్పటినుంచి మానేసింది పాపం.

మీ నాన్న మాత్రం ఊరుకోలేదు. నేను సింగపూర్‌లో ఉద్యోగంలో చేరాక సెలవుకి వచ్చాను. కాకినాడలో వాళ్ళ కొత్త ఇంటి గృహప్రవేశం. అందరూ వద్దంటున్నా దీపం నా చేతికిచ్చి, అక్క ముందు నడవకపోతే నేను లోపలికి రాను అన్నాడు. మీ అమ్మ నా భుజం మీద చెయ్యి వేసింది. నువ్వు నా చంకలో ఉన్నావు. నడిచాను. ఏడాది తిరక్కుండా ఇద్దరూ రోడ్డు మీద పోయారు.

ఇలాంటివి నేను నమ్మను. బ్యాంకులో పని చేసి, ఒంటరిగా పిల్లని పెంచి, ఈ వయసులో కొరియన్ నేర్చుకుంటున్నదాన్ని. నమ్మను. కానీ నమ్మకపోవడం వేరు, నిన్ను దాని మీద పందెం కాయడం వేరు. ఇంకెవరి పెళ్ళి అయినా ముందు నడుస్తానేమో. నీ పెళ్ళిలో నాకు ధైర్యం లేదు. నాకు ఉన్నది నువ్వొక్కదానివి.

ఓక్‌సున్ గారి మీద కోపం లేదు. నిజానికి ఆ మాట దొరికింది కాబట్టి దాని వెనక దాక్కున్నాను. దుంపతెగ అంటే శాపం కాదని ఆవిడకి నువ్వే నచ్చజెప్పు. వంశం మాట తలుచుకుంటే నాకే నిద్ర పట్టడంలేదు.

నీ అత్త


బుసాన్
2 ఫిబ్రవరి 2025

అత్తా,

నీ ఉత్తరం చదివి పోర్టులో ఓడల ముందు నిలబడి ఏడ్చాను. నాన్న గురించి అది నాకెవరూ చెప్పలేదు. నువ్వు దీపం పట్టుకుని నడుస్తుంటే నేను నీ చంకలో ఉన్నానని కూడా. ఉన్నాను కదా అత్తా. నాకేమైంది?

ఓక్‌సున్ గారికి మొత్తం చెప్పాను. నీ అనుమతి లేకుండా చెప్పినందుకు తిట్టు. ఆవిడ చేపలు తోముతూ విని, కత్తి కడిగి పక్కన పెట్టి జవాబిచ్చింది. బుసాన్ మాటని నాకు వచ్చిన గోదావరి మాటలోకి మారుస్తున్నాను. నీకు అలాగైతేనే ఆవిడ గొంతు వినబడుతుంది.

"మరైతే నేనూ తప్పుకోవాలి కదండీ. మా ఆయన్ని సముద్రం పట్టుకుపోయి పదిహేనేళ్ళయిందండి. ఆవిడ చెయ్యి మంచిది కాకపోతే నా చెయ్యి మాత్రం ఎలా మంచిదవుద్దండీ? ఇద్దరం వెనకాల కూర్చుంటాం. ఆ కొవ్వొత్తులేవో పిల్లలే ఎలిగించుకుంటారు. నేనొక్కదాన్నీ అయితే నడవనండి, ఆవిడకి చెప్పేయండి."

ఇక్కడ అలాంటి పట్టింపు లేదు. భర్త పోయినవాళ్ళు ఎందరో వెలిగిస్తారు. ఆవిడ కొడుకు పెళ్ళిలో నడవాలని నీలం బట్టలు కుట్టించుకుంది. అవి మడిచి లోపల పెట్టేసిందని సొంగ్‌మిన్ చెప్పాడు. కోపంతో కాదు. నువ్వు లేకుండా తను నడిస్తే, నువ్వు కూర్చున్న కారణం నిజమని ఒప్పుకున్నట్టవుతుందట.

నేను నిన్ను బలవంతం చేయను. ఇలా జరిగిందని చెబుతున్నాను, అంతే.

నీ ప్రణవి


పుంగ్గోల్
1 మార్చి 2025

ప్రణవీ,

ఓక్‌సున్ గారికి ఉత్తరం రాద్దామని కూర్చున్నాను. మీరు నడవండి, మీకు ఏ దోషమూ లేదు, నేను మాత్రం కూర్చుంటాను అని. కనీజ్ పక్కన నిఘంటువు పట్టుకుంది. మీకు లేని దోషం నాకెలా ఉందో కొరియన్‌లో రాయడం నాకు చేతకాలేదు. వ్యాకరణం రాక అనుకున్నాను. సరే తెలుగులో రాసి తరవాత మారుద్దామని చూశాను. తెలుగులో కూడా రాలేదు. చివరికి కనీజ్ నిఘంటువు మూసేసి, "ఛాయ్ పెట్టు భ్రమరాంబా" అంది.

ఆ నీలం బట్టలు బయటికి తియ్యమను. ఇస్త్రీ చేయించమను. టికెట్టు కొన్నాను. మనవైపు ఎరుపన్నావు కదూ, ముదురెరుపా, గులాబీయా? నా దగ్గర ఆ రంగు చీరే లేదు, సెరంగూన్ రోడ్డుకి వెళ్ళాలి. భయం మాత్రం పోలేదు. పోయిందని రాస్తే అబద్ధమవుతుంది.

కరివేపాకు మొక్క రానివ్వరని కనుక్కున్నాను. పొడి తెస్తాను.

నీ అత్త


పుంగ్గోల్
16 ఏప్రిల్ 2025

నా తల్లీ,

క్షేమంగా చేరాను. విమానంలో అన్నం బాగాలేదు. నువ్వు కట్టించిన చేపల అట్లు పక్కసీటాయనకి కూడా పెట్టాను. ఇల్లంతా దుమ్ము.

ఇది నీకు అక్కడ చెప్పలేకపోయాను, మనుషులు ఎక్కువయ్యారు. పైగా నిన్ను అలంకరించి ఆ గదిలో కూర్చోబెట్టారు కాబట్టి కొవ్వొత్తుల ముచ్చట నువ్వు చూడలేదు. చూడవలసినదానివి నువ్వే. అందుకని రాస్తున్నాను.

హాలు తలుపుల వెనక మా ఇద్దర్నీ నిలబెట్టారు. ఆవిడ నీలం, నేను గులాబీ. హాలు అమ్మాయి చెరో పొడుగాటి లైటరు ఇచ్చి, తలుపులు తెరవగానే నడవమంది. నా చెయ్యి ఆవిడ చేతిలో ఉంది. ఇంక తిరిగి వెళ్ళిపోదామనిపించింది, నిజం చెబుతున్నాను. ఏదో ఒకటి అనాలి కదా అని, మిస్ యూన్ నేర్పిన మర్యాద భాషలో "ముసొప్సుమ్నిదా" అన్నాను. భయంగా ఉందండీ అని. ఆవిడ నావైపు తిరగకుండానే "నేదో" అంది. మా పుస్తకంలో అది "నాదో" అని ఉంటుంది. నాక్కూడా అని. పుస్తకంలో లేనట్టే పలికింది, అయినా నాకు వెంటనే అర్థమైంది. అప్పుడు చూశాను, ఆవిడ లైటరు తలకిందులుగా పట్టుకుని ఉంది.

తలుపులు తెరిచారు. మైకులో ఆ అబ్బాయి "యాంగా ఒమొనిమ్" అన్నాడు. రెండిళ్ళ అమ్మగార్లూ అని. మేనత్తకి వాళ్ళ భాషలో వేరే మాట ఉంది, క్లాసులో నేర్చుకున్నాను. ఆ మాట వాడలేదు. నన్నూ ఆవిడనీ కలిపి ఒకే మాటన్నాడు. నడిచాను ప్రణవీ. ఎవరూ పక్కకి తప్పుకోలేదు. అందరూ నాకేసే చూస్తున్నారు, చప్పట్లు కొడుతున్నారు. నా లైటరు మొదటిసారి వెలగలేదు. ఆవిడది వెలిగింది కానీ ఆవిడ కొవ్వొత్తి దగ్గరికి తీసుకెళ్ళలేదు. నాది వెలిగేదాకా అలాగే పట్టుకుని నిలబడింది. వెలిగాక ఇద్దరం ఒక్కసారే ముట్టించాం.

ఆ తరవాత కూర్చున్నాను. నువ్వు వచ్చావట, ఉంగరాలు మార్చుకున్నారట, సొంగ్‌మిన్ పాట పాడాడట, అందరూ నవ్వారట. కనీజ్ ఇప్పుడు అన్నీ అడుగుతోంది, ఏం చెప్పాలో తెలియడంలేదు. ఏసీ గాలి ఎటు కొడుతోందో, ఎర్ర కొవ్వొత్తి ఎక్కడ కొండెక్కుతుందోనని, కన్నార్పకుండా దాన్నే చూస్తూ కూర్చున్నాను. చివరిదాకా వెలిగింది. నీ పెళ్ళి నేను చూడలేదే తల్లీ. ఫొటోలు త్వరగా పంపు.

నీ అత్త